పరాయి కెమెరాలో సొంత బొమ్మ: లైవ్ క్రీడాప్రసారాన్ని స్టూడియోగా వాడుకుంటే

స్టూడియోకి వెళ్తే ఫోటోగ్రాఫర్ గడ్డం కాస్త పైకెత్తమంటాడు, కళ్లు ఆర్పొద్దంటాడు, బాగా రాకపోతే ఇంకోటి తీస్తాడు. లైవ్ క్రీడాప్రసారం అనే స్టూడియోలో ఈ మర్యాదలేవీ లేవు. కెమెరామన్‌కు మనమెవరో తెలీదు, తెలియాల్సిన పనీ లేదు. అతని చూపంతా బంతి మీద. ఆ బంతికి వెనక, ఏరి కొనుక్కున్న సీట్లో కూర్చుని, ఆ ప్రసారాన్ని రికార్డు చేయించుకుని, అందులోంచి తన బొమ్మను తానే తీసుకునే కళాకారులున్నారు. ఆ పనికి ఈ స్టూడియో ఎంతవరకు పనికొస్తుందో, ఏ ఆటలో ఏ కెమెరా నమ్మదగ్గదో, ఎక్కడ దెబ్బతింటామో చూద్దాం.

తీర్పు ముందే చెప్పేస్తాం. ప్రేక్షకుల వైపు కెమెరా తిప్పి చూపించే షాట్ల మీద ఆశ పెట్టుకోవడం దండగ. అవి డైరెక్టర్ దయ. రెండు సెకన్లు వస్తాయి, పోతాయి. అక్కడ ముఖం పెద్దగా పడుతుంది, నిజమే. కానీ అందులో మనం ఉండేది పాప్‌కార్న్ తింటున్న ‘ప్రేక్షకుడు’గా, డైరెక్టర్‌కు ఆ క్షణంలో కావలసిన వేషంలో. స్వీయచిత్రానికి కావలసింది అదే చోట నిలబడి, అదే కోణంలో, మళ్లీ మళ్లీ తెర మీదికి వచ్చే కెమెరా. అలాంటి కెమెరా ఉన్న ఆటలు కొన్నే. వాటిలో బేస్‌బాల్‌ది మొదటి స్థానం, టెన్నిస్‌ది రెండో స్థానం. ఫుట్‌బాల్, క్రికెట్ అభిమానులు మాత్రం కాస్త గుండె దిటవు చేసుకోవాలి.

గుంపులో ఓ మూల తన ముఖం పెట్టుకోవడం కొత్త విద్యేమీ కాదు. 1475 ప్రాంతంలో బొట్టిచెల్లి వేసిన ‘రాజుల ఆరాధన’ చిత్రంలో కుడి అంచున ఆవపిండి రంగు వస్త్రం కప్పుకుని, మిగతావాళ్లలో చాలామంది అటు చూస్తుంటే మన వైపు చూస్తున్న మనిషి చిత్రకారుడేనని కళాచరిత్రకారులు చెబుతారు. రఫేల్ కూడా 1509-11 మధ్య వాటికన్‌లో వేసిన ‘ఏథెన్స్ పాఠశాల’ గోడచిత్రంలో కుడి చివర నిలబడి మన వైపే చూస్తుంటాడు. కిటుకు రెండింట్లోనూ ఒకటే: అంచున ఉండు, అందరూ అటు చూస్తుంటే నువ్వు ఇటు చూడు. 2014లో అమెరికా బేస్‌బాల్ ఫైనల్ పోరు వరల్డ్ సిరీస్‌లో కాన్సస్ సిటీ స్టేడియంలో హోమ్ ప్లేట్ (బ్యాటర్ నిలబడే చోటు) వెనక, నీలి రంగు గుంపు మధ్య, మార్లిన్స్ అనే వేరే జట్టు నారింజ జెర్సీలో కూర్చుని ‘మార్లిన్స్ మ్యాన్’గా పేరు పడ్డ ప్రేక్షకుడు చేసింది కూడా, తెలిసో తెలియకో, ఇదే పని. అంతకు ముందే, 1970ల చివర నుంచి, ఇంద్రధనుస్సు రంగుల విగ్గు పెట్టుకుని అమెరికా ఆటల ప్రసారాల్లో ప్రత్యక్షమైన ‘రెయిన్‌బో మ్యాన్’ అయితే బ్యాటరీతో నడిచే చిన్న టీవీని వెంట తీసుకెళ్లి, ఏ కెమెరా ఎటు చూస్తోందో దాంట్లో చూసుకునేవాడు. ఇప్పుడు ఆ పని ఫోన్లో చేద్దామంటే కుదరదు. ఎందుకో తర్వాత చెబుతాం.

ఇక బేస్‌బాల్. ప్రతి పిచ్‌నూ (పిచర్ బ్యాటర్ వైపు విసిరే ప్రతి బంతినీ) చూపించేది సెంటర్ ఫీల్డ్ కెమెరా, అంటే మైదానం అవతలి కొసన పిచర్ వెనక నుంచి ప్లేటు వైపు చూసేది. ఇది సరిగ్గా నడిమధ్యన ఉండదు. పిచర్ వీపు బ్యాటర్‌ను కప్పెయ్యకుండా సాధారణంగా లెఫ్ట్ ఫీల్డ్ (ప్లేటు నుంచి చూస్తే మైదానం ఎడమ భాగం) వైపు కాస్త జరిపి పెడతారు. అందుకే తెర మీద పిచర్ ఎడమ పక్కకి, ప్లేటు అతనికి కుడి పక్కకి కనిపిస్తాయి. ఒక మ్యాచ్‌లో రెండు జట్లూ కలిపి వేసే పిచ్‌లు 300కు దగ్గరగా ఉంటాయి. అంటే అదే ఫ్రేమ్ 300 సార్లు తిరిగొస్తుంది. 2023లో పిచ్ క్లాక్, అంటే బంతి విసరడానికి పిచర్‌కు గడువు, వచ్చాక ఆట చురుకైంది. బేస్‌లు (పరుగు తీసేవాళ్లు ఆగే మజిలీలు) ఖాళీగా ఉంటే 15 సెకన్లు, వాటి మీద రన్నర్ ఉంటే అప్పట్లో 20, 2024 నుంచి 18 సెకన్లు. స్వీయచిత్రానికి ఇది మంచిదీ, చెడ్డదీ కూడా. షాట్ల మధ్య ఎడం తగ్గింది గనక లయ కుదిరింది. కానీ పిచర్ తీరిగ్గా బంతి పిసుకుతూ నిలబడే ఆ నిశ్చలమైన సెకన్లు, మనకు అన్నిటికన్నా ఎక్కువ పనికొచ్చేవి, కరిగిపోయాయి.

ముఖం ఎంత పెద్దగా పడుతుందో కాగితం మీద ముందే లెక్క వేసుకోవచ్చు. బ్యాటర్ తెర ఎత్తులో 40 శాతం ఆక్రమించాడనుకుందాం. మనిషి ఎత్తు 1.85 మీటర్లయితే ప్లేటు దగ్గర ఫ్రేమ్ ఎత్తు సుమారు 4.6 మీటర్లు. 1080 గీతల ప్రసారంలో మీటరుకు 235 పిక్సెళ్లు. కెమెరా 130 మీటర్ల దూరంలో ఉండి, మన సీటు ప్లేటుకు మరో 15 మీటర్లు వెనక ఉంటే అది మీటరుకు 210కి తగ్గుతుంది. తల ఎత్తు 23 సెంటీమీటర్లనుకుంటే 48 పిక్సెళ్లు. అంతే. స్టాంపు సైజు కూడా కాదు, స్టాంపు మీద అంకె సైజు. 720 గీతల్లో ప్రసారం చేసే ఛానలైతే అది 32కి పడిపోతుంది. కాబట్టి ఒకే మ్యాచ్‌ను రెండు ఛానళ్లు చూపిస్తుంటే 1080 ఇచ్చేదాన్ని రికార్డు చేయాలి. రెండూ చేయగలిగితే ఇంకా మంచిది. ఆతిథ్య జట్టు ఛానల్, పర్యాటక జట్టు ఛానల్ కెమెరాల్లో కొన్ని పంచుకున్నా, షాట్ల కోత వేరుగా ఉంటుంది. ఒకే సాయంత్రం, రెండు వేర్వేరు చిత్రాలు.

ఫోకస్ సంగతి చాలామంది పట్టించుకోరు. స్టేడియం కెమెరాల సెన్సర్ 2/3 అంగుళాలది. వాటికి తగిలించే బాక్స్ లెన్సులు భీకరమైనవి. ఫ్యూజినాన్ 107 రెట్ల లెన్సు 8.4 నుంచి 900 మిల్లీమీటర్ల దాకా వెళ్తుంది. కానీ మనకు కావలసిన పిచ్ షాట్‌కు 150 మిల్లీమీటర్ల ప్రాంతమే చాలు. ఫోకస్ ప్లేటు మీద పెట్టి, పగటి ఆటలో ఐరిస్‌ను (లెన్సులో వెలుతురు వచ్చే రంధ్రాన్ని) ఎఫ్ 8కి మూస్తే ప్లేటు వెనక 30 మీటర్లకు పైగా స్పష్టంగా ఉంటుంది, మనం అందులో హాయిగా ఇమిడిపోతాం. రాత్రి దీపాల కింద ఎఫ్ 2.8కి తెరిస్తే ఆ స్పష్టత ప్లేటు వెనక పదీ పదకొండు మీటర్ల దగ్గరే ఆగిపోతుంది. వరుసలు 15 నుంచి 18 మీటర్ల దగ్గర మొదలవుతాయి గనక రాత్రి ఆటలో ముఖం మీద పల్చటి నెయ్యి రాసినట్టు ఉంటుంది. పగటి ఆటే కొనండి. ఎండ నెత్తిమీద కాకుండా ముఖం మీద పడే వేళ దొరికితే ఇంకా మేలు. టోపీ మాత్రం వద్దు, దాని నీడలో కళ్లు రెండు నల్ల చుక్కలైపోతాయి.

సీటు ఎంపికలో జరిగే మొదటి తప్పు ప్లేటుకు సరిగ్గా వెనక కొనడం. చూడ్డానికి అదే రాజాసనం. కానీ అక్కడ ప్లేటు వెనక బంతి అందుకునే క్యాచర్, అంపైర్ కలిసి గోడ కట్టేస్తారు. కెమెరా పక్కకి జరిగి ఉంది గనక ఆ గోడ నీడ సీట్ల మీద కూడా పక్కకే పడుతుంది. దాన్నుంచి రెండు మూడు సీట్లు పక్కకి జరగాలి. ఎటు? తెర మీద కుడిచేతి బ్యాటర్ కుడివైపు నిలబడతాడు, ఎడమచేతి బ్యాటర్ ఎడమవైపు. మూడో బేస్ వైపు సీట్లు తెరకు కుడి పక్కన పడతాయి. అంటే అక్కడ కూర్చుంటే కుడిచేతి బ్యాటర్ వచ్చినప్పుడల్లా అతని భుజమో, బ్యాటో మన ముఖాన్ని మింగేస్తుంది. సాధారణంగా కుడిచేతి బ్యాటర్లే ఎక్కువ గనక మొదటి బేస్ వైపు సీటు సురక్షితం. ఆ రోజు జట్ల బ్యాటింగ్ ఆర్డర్ చూసుకుంటే ఎన్ని సార్లు దాక్కుంటామో కూడా ముందే తెలిసిపోతుంది.

వరుస విషయంలో అతి తక్కువ ఎత్తులో ఉన్నది మంచిదనుకుంటారు. మొదటి వరుసలో ప్రకటనల పలక గడ్డం దాకా వచ్చేస్తుంది. మరీ పైకి వెళ్తే ఫ్రేమ్ పై అంచు నుదురు కోసేస్తుంది. పోయిన వారం ప్రసారం నుంచి అదే స్టేడియంలోని పిచ్ షాట్లు ఓ ఇరవై తీసి ఒకదాని పక్కన ఒకటి పెట్టి చూస్తే, తల మొత్తం ఎప్పుడూ లోపలే ఉండే వరుసలు ఏవో తేలిపోతుంది. టికెట్ కొనక ముందు చేయాల్సిన పని ఇదొక్కటే, చేయనివాళ్లే ఎక్కువ. స్కోరు పట్టీ ఏ మూల ఉంటుందో కూడా అప్పుడే చూసుకోవాలి. సీజన్ మారినప్పుడు ఛానళ్లు దాని చోటు మారుస్తుంటాయి, కాబట్టి నిరుటి రికార్డింగులు పనికిరావు.

మిగతా ఆటలకు ఇంత ఓపిక అక్కర్లేదు.

టెన్నిస్‌లో ప్రధాన కెమెరా ఒక బేస్‌లైన్ (కోర్టు చివరి గీత) వెనక ఎత్తులో స్థిరంగా ఉంటుంది. ఆటగాళ్లు వైపులు మార్చుకున్నా కెమెరా మారదు. ఎదురుగా ఉన్న బేస్‌లైన్ వెనక కింది వరుసలు ప్రతి పాయింటుకూ తెర పై అంచున కనిపిస్తాయి. కోర్టు పొడవే 23.77 మీటర్లు గనక ముఖం చిన్నది, 25 పిక్సెళ్ల లోపే. కానీ ఇక్కడో వరముంది: పాయింటు నడుస్తుండగా లేచి తిరగనివ్వరు, మాట్లాడనివ్వరు. చిత్రానికి కూర్చోబెట్టిన మోడల్‌ను కదలొద్దని హెచ్చరించే నియమం ఆటే పెట్టింది. చూపుల్ని మాత్రం బంతి వెంట ఎడమకీ కుడికీ పోనివ్వకుండా కెమెరా మీదే నిలిపితే, వందల తలలు ఊగుతుంటే ఒక్కటి నిలిచి ఉంటుంది. 5కి 4 మార్కులు.

బాస్కెట్‌బాల్‌లో ప్రధాన కెమెరాకు ఎదురుగా ఉన్న కోర్టు పక్క వరుస బాగా కనిపిస్తుంది, కానీ కెమెరా ఎడమకీ కుడికీ తిరుగుతూనే ఉంటుంది. నడిమి గీత దగ్గర కూర్చుంటే జట్టు దాటినప్పుడల్లా సెకను పాటు కనిపించి మాయమవుతాం. పైగా కెమెరా కదులుతుండగా వచ్చిన ముఖం చెరిగిపోయి ఉంటుంది. ఫ్రీ త్రో అప్పుడు కెమెరా ఆగుతుంది గనక ఒక కొసకు జరగడమే మెరుగు. 5కి 3. బ్యాడ్మింటన్ కోర్టు చిన్నది, 13.4 మీటర్లు, కెమెరా స్థిరం. లెక్క ప్రకారం ముఖం పెద్దగా పడాలి, కానీ షటిల్ కనిపించడానికి ప్రేక్షకుల వైపు దీపాలు తగ్గిస్తారు. చీకట్లో ఉన్నవాళ్లకు మార్కులు వేయడం కష్టం. గోల్ఫ్‌లో టీ (మొదటి దెబ్బ కొట్టే చోటు) దగ్గర ఆటగాడి వెనక నిలబడే గుంపు ఊపిరి బిగబట్టి నిలబడుతుంది, లెన్సు పొడవాటిది, చిత్రం అద్భుతంగా వస్తుంది. రోజుకు కొన్ని సార్లే.

ఫుట్‌బాల్ మైదానం 105 మీటర్లు. ప్రధాన షాట్‌లో ఫ్రేమ్ వెడల్పు 60 మీటర్లనుకున్నా మీటరుకు 32 పిక్సెళ్లు, తలకు 7. దాన్ని ముఖమనడం మొహమాటం. 5కి 1, అది కూడా కార్నర్ కిక్‌ల దగ్గర కూర్చునేవాళ్ల కోసం.

క్రికెట్‌లో కథ విచిత్రంగా ఉంటుంది. రెండు కొసల్లోనూ కెమెరాలు పెట్టి ఎప్పుడూ బౌలర్ వెనక నుంచే చూపించే పద్ధతి 1977లో కెర్రీ ప్యాకర్ వరల్డ్ సిరీస్ క్రికెట్‌తో స్థిరపడింది. అంటే ఓవర్ ఓవర్‌కీ ఫ్రేమ్ తిరగబడుతుంది. ఎక్కడ కూర్చున్నా సగం ఆటకు మనం కెమెరా వెనకే. పోనీ మిగతా సగమైనా దక్కుతుందా అంటే, కెమెరా ఎత్తు నుంచి కిందికి చూస్తుంది గనక బ్యాటర్ వెనక కనిపించేది గడ్డి, మహా అయితే సైట్ స్క్రీన్. ఆ స్క్రీన్ దరిదాపుల్లో మనుషులు కదలడమే నిషిద్ధం. ఇక సిక్సర్ మన వైపు రావాలి, దాని వెంట కెమెరా రావాలి. అది లాటరీ. చేతనైతే బౌండరీ దగ్గర ఫీల్డర్ నిలబడే చోట వెనక సీటు తీసుకోండి. అతన్ని చూపించినప్పుడల్లా వెనక మసకగా మనం ఉంటాం. 5కి 2.

బట్టల విషయంలో ప్రసారానికి కొన్ని చాదస్తాలున్నాయి. సన్నటి చారలు, చిన్న గళ్లు వేసుకుంటే చొక్కా మీద నీటి అలల్లాంటి మెరుపు ఆడుతుంది. ముదురు ఎరుపు అంచులు పక్క పిక్సెళ్లలోకి కారుతాయి, ఎందుకంటే ప్రసారంలో వెలుగుకు ఉన్నంత వివరం రంగుకు ఉండదు, అడ్డంగా సగం, నిలువుగా సగమే పంపుతారు. బేస్‌బాల్‌లో ప్లేటు వెనక పలక మీద ప్రకటనలు చాలాసార్లు కంప్యూటర్‌తో అతికించినవే. ఆ పలక ఆకుపచ్చదో నీలిదో అయితే అదే రంగు చొక్కా చేయి పలక మీదుగా వచ్చినప్పుడు చేతి మీదే ఓ ప్రకటన ముక్క మెరవొచ్చు. సరదాగానే ఉంటుంది, కావాలని చేస్తే. లేకపోతే లేత పసుపో, లేత నారింజో, ఏ డిజైనూ లేని ఒకే రంగు. ప్రతి మ్యాచ్‌కీ అదే చొక్కా వేసుకుంటే తర్వాత ఫ్రేముల్లో మనల్ని వెతకడం సగానికి సగం తేలిక.

ఫోన్ చెవి దగ్గర పెట్టుకుని చెయ్యి ఊపేవాళ్ల సంగతి వేరే చెప్పాలా? వాళ్లు తమ బొమ్మ తీసుకోవడం లేదు, ఇంట్లోవాళ్లకు హాజరు వేయించుకుంటున్నారు. పక్క సీట్లో అలాంటివారు పడితే మన చిత్రం కూడా చెడుతుంది. చేయదగ్గది ఏమీ లేదు. ఫోన్లో మనల్ని మనం చూసుకుని సర్దుకుందామన్నా కుదరదు. యాంటెన్నా ప్రసారమే కొన్ని సెకన్లు ఆలస్యం, ఇంటర్నెట్ స్ట్రీమ్ అయితే అర నిమిషం, అంతకు మించి కూడా. ఫోన్లో మనం కనిపించే సరికి ఆ పిచ్ అయిపోయి ఇంకో పిచ్ కూడా అయిపోతుంది. దాన్ని చూడ్డానికి తల దించితే ఇప్పటి ఫ్రేమ్‌లో నడినెత్తి పడుతుంది. మొదటి ఇన్నింగ్స్‌లో ఇంటి దగ్గర ఒకరు చూసి ‘అర జానెడు ఎడమకు’ అని ఓ మెసేజ్ పెడితే చాలు. తర్వాత ఫోన్ జేబులోకి.

ఇప్పుడు అసలు పరికరాలు. నిజం చెప్పాలంటే మంచి సీటును చెడ్డ రికార్డింగ్ పాడుచేసినంతగా ఇంకేదీ పాడుచేయదు.

యాంటెన్నా, ట్యూనర్ కార్డు: వీలున్నచోట ఇదే మొదటి ఎంపిక. గాల్లోంచి వచ్చిన డిజిటల్ ప్రవాహాన్ని ఉన్నదున్నట్టు ఫైల్లో పడేస్తుంది, మళ్లీ కుదించదు. అమెరికాలో వాడే ఏటీఎస్‌సీ 1.0 డిజిటల్ టీవీ పద్ధతిలో ఒక ఛానల్ మోయగలిగేది సెకనుకు 19.39 మెగాబిట్లు. మూడు గంటలకు ఎక్కువలో ఎక్కువ 26 జీబీ. అదే గొట్టంలో ఉప ఛానళ్లు కూడా దూరి ఉంటే మన వాటా తగ్గుతుంది. గుంపు మసగ్గా, పచ్చగడ్డి ముద్దముద్దగా కనిపిస్తే కారణం అదే. సిగ్నల్ బలం చాలకపోతే గళ్లు గళ్లుగా విరిగిపోతుంది, అది మరమ్మతు కాదు. మ్యాచ్‌కు ముందు రోజు అదే సమయంలో ఓ గంట రికార్డు చేసి చూడండి.

సెట్‌టాప్ బాక్సులోని రికార్డర్ చూడ్డానికి బాగుంటుంది. ఫైలు బయటికి రాదు. మన పనికి సున్నా.

హెచ్‌డీఎంఐ క్యాప్చర్ కార్డు (టీవీకి వెళ్లే బొమ్మను కంప్యూటర్లోకి పట్టేది): కాపీ రక్షణ ఉన్న సిగ్నల్‌కు ఇది నల్ల తెరే చూపిస్తుంది. ఆ రక్షణను దాటించే దొడ్డిదారులు ఇక్కడ చెప్పం. రక్షణ లేని సిగ్నల్ అయితే మాత్రం, పెట్టె మీద ‘4కే’ అని రాసి ఉన్న చిన్న యూఎస్‌బీ 2.0 స్టిక్‌ల జోలికి పోవద్దు. అవి 4కే లోపలికి తీసుకుంటాయి, ఇచ్చేది 1080లో సెకనుకు 30 ఫ్రేములు, అది కూడా ఒక్కో ఫ్రేమునూ జేపెగ్‌లా నలిపి. 48 పిక్సెళ్ల ముఖాన్ని ఇంకోసారి నలిపితే మిగిలేది ముక్కు ఉండాల్సిన చోట ఓ మచ్చ. యూఎస్‌బీ 3.0 మీద 1080ని సెకనుకు 60 ఫ్రేముల చొప్పున నలపకుండా ఇచ్చే కార్డు కావాలి.

స్ట్రీమింగ్: స్క్రీన్‌షాట్ తీస్తే చాలా సేవల్లో నల్లగా వస్తుంది. లైవ్‌లో నెట్ వేగం తగ్గినప్పుడల్లా నాణ్యత కిందికి జారుతుంది, అదీ చెప్పకుండా. మ్యాచ్ తర్వాత పెట్టే పూర్తి రీప్లేకు ఆ జారుడు తక్కువ.

ఏదీ కుదరకపోతే టీవీ తెరనే ఫోటో తీయడం. నవ్వులాట కాదు, పద్ధతిగా చేస్తే బాగానే వస్తుంది. కెమెరాను స్టాండు మీద తెరకు సరిగ్గా ఎదురుగా పెట్టి, ప్రసారాన్ని బట్టి షట్టర్ 1/50 లేదా 1/60 దగ్గర ఉంచితే అడ్డ పట్టీలు రావు. అలల మరక కనిపిస్తే ఫోకస్‌ను వెంట్రుకవాసి తప్పించాలి. టీవీలో కదలికను నున్నగా చేసేదీ, అంచుల్ని పదును పెట్టేదీ రెండూ ఆపేయాలి. ఇంకొకటి, దీన్ని తెలుసుకోక చేతులు కాల్చుకునేవాళ్లు ఎందరో: చాలా టీవీలు ఫ్రేమ్‌ను కాస్త పెద్దది చేసి నాలుగు అంచుల్నీ కొద్దిగా కోసి చూపిస్తాయి. అంచున కూర్చున్న మనిషి ప్రసారంలో ఉన్నా ఆ టీవీలో ఉండడు. సెట్టింగుల్లో దాన్ని ఆపేసి అసలు పరిమాణానికి తేవాలి.

రికార్డింగ్ ముగిసే టైమును నమ్మకండి. 2023లో తొమ్మిది ఇన్నింగ్స్ ఆట సగటున 2 గంటల 40 నిమిషాలకు దిగింది, కానీ అదనపు ఇన్నింగ్స్, వాన రెండూ సగటులో లేవు. గైడ్ చెప్పినదానికి రెండు గంటలు కలిపి పెట్టండి.

ఫైలు చేతికొచ్చాక మొదటి చిక్కు 1080ఐ. ఇందులో సెకనుకు 60 సగం ఫ్రేములు వస్తాయి, ఒకసారి సరి గీతలు, ఒకసారి బేసి గీతలు. కదిలేదాని అంచులు దువ్వెన పళ్లలా కనిపించేది అందుకే. వీడియోగా చూపించాలంటే ఎఫ్ఎఫ్ఎంపెగ్ అనే ఉచిత వీడియో సాఫ్ట్‌వేర్లో బీడబ్ల్యూడిఫ్ ఫిల్టర్‌తో ప్రతి సగాన్నీ పూర్తి ఫ్రేముగా మార్చుకోవచ్చు. కానీ నిశ్చల చిత్రానికి అంతకన్నా మంచి దారి ఉంది. కెమెరా ఆగి, మనమూ కదలకుండా ఉన్న క్షణంలో రెండు సగాల్నీ మామూలుగా అల్లేస్తే నిలువు వివరం మొత్తం తిరిగొస్తుంది. తల కొంచెం తిప్పినా ఆ లాభం పోతుంది. 48 గీతల ముఖానికీ 24 గీతల ముఖానికీ తేడా పిచర్ కాలెత్తిన ఆ అర సెకనులో మనం రెప్ప కూడా కదపకపోవడమే.

షాట్ మారగానే వచ్చే ఫ్రేములు తీసుకోవద్దు. కోత పడిన వెంటనే కుదింపు యంత్రం ఊపిరాడక గళ్లు వదిలేస్తుంది. ఒక సెకను ఆగితే చిత్రం కుదురుకుంటుంది. ప్రతి పిచ్‌కూ పిచర్ సెట్ అయిన క్షణం నుంచి ఒక్క ఫ్రేము తీసి ఒక ఫోల్డర్లో పెట్టుకుంటే మ్యాచ్ ముగిసేసరికి దాదాపు 300 ఉంటాయి. బ్యాటర్ కప్పేసినవి తీసేస్తే సీటును బట్టి సగమో, అంతకు మించో మిగులుతాయి.

వీటితో చేయదగ్గ అతి అందమైన పని సగటు చిత్రం. కెమెరా చోటు మారదు, కాస్త తిరుగుతుంది, కాస్త జూమ్ అవుతుంది అంతే. కాబట్టి రెండు స్థిరమైన గుర్తులు, పలక మూల ఒకటి, వెనక రెయిలింగ్ చివర ఒకటి, పట్టుకుని ఫ్రేములన్నిటినీ ఒకదాని మీద ఒకటి కూర్చోబెట్టొచ్చు. ప్రకటనలు మారుతుంటాయి గనక పలక మీది అక్షరాలను గుర్తుగా తీసుకోకూడదు. వంద ఫ్రేముల సగటు తీస్తే చిత్రంలోని చుక్కల గరగర పదో వంతుకు తగ్గుతుంది. బ్యాటర్లు, క్యాచర్, అంపైర్ అందరూ కలిసి ఓ గోధుమ రంగు పొగ అవుతారు. పక్క సీట్లలో లేచి కూర్చున్నవాళ్లు తలల్లేని ఆవిరి. ఆ ఆవిరి మధ్యలో కదలకుండా కూర్చున్న మనిషికి ముక్కు గీత, కనుబొమల నీడ, కాలరు మడత ఒక్కొక్కటే తేలి వస్తాయి, ఏ ఒక్క ఫ్రేములోనూ లేనంత స్పష్టంగా. సగటుకు బదులు మీడియన్ (విలువల్లో సరిగ్గా నడిమిది) తీస్తే పొగ చాలావరకు మాయమై, ఎక్కువ ఫ్రేముల్లో ఉన్నదే మిగులుతుంది. శుభ్రంగా ఉంటుంది, కాస్త నిర్జీవంగానూ ఉంటుంది. మా ఓటు పొగకే.

ఏఐ పెంపకాల గురించి ఒక్క మాట, కాస్త కటువుగానే. 48 పిక్సెళ్ల ముఖాన్ని ‘పునరుద్ధరిస్తాం’ అనే సాఫ్ట్‌వేర్లు ముఖాన్ని పెంచవు, ఇంకో ముఖాన్ని తెచ్చి అక్కడ తగిలిస్తాయి. పళ్లు వస్తాయి, కనురెప్పలు వస్తాయి, చర్మం మెరుస్తుంది. ఆ మనిషెవరో మాత్రం తెలీదు. స్వీయచిత్రంలో స్వీయం పోయాక మిగిలేది చిత్రం, అది ఎక్కడైనా దొరుకుతుంది.

ప్రింటు కోసం తల, భుజాలు, ఇరుపక్కల ఇద్దరు ముగ్గురు వచ్చేలా 480 పిక్సెళ్ల చదరం కోయండి. ఏ నునుపూ లేకుండా, ప్రతి పిక్సెల్నూ పది పిక్సెళ్ల చదరంగా పెంచితే 4800. దాన్ని 40 సెంటీమీటర్ల చదరంగా ప్రింటు తీస్తే అంగుళానికి 300 చుక్కలకు సరిపోతుంది. తల 4 సెంటీమీటర్లు, ఒక్కో ప్రసార పిక్సెల్ 0.83 మిల్లీమీటర్లు. మూడు మీటర్ల దూరం నుంచి కంటికి ఆ గళ్లు సరిగ్గా కలిసిపోతాయి, మనిషి కనిపిస్తాడు. మీటరు దగ్గరికొస్తే గళ్లు మాత్రమే ఉంటాయి. ప్రదర్శనలో చిత్రం ముందు నడక దారి మూడు మీటర్లకు తగ్గకుండా వదలమనండి. పెంచేటప్పుడు సాఫ్ట్‌వేర్ తనంతట తాను నునుపు చేసే పద్ధతిని ఎంచుకుంటుంది, దాన్ని మార్చడం మరవొద్దు.

హక్కుల విషయం తేలిగ్గా తీసుకోకూడదు. టికెట్ షరతుల్లో మన బొమ్మ వాడుకునే అనుమతి సాధారణంగా వాళ్లకు మనమే ఇచ్చేస్తాం. తిరిగి వాళ్ల ప్రసారాన్ని వాడుకునే అనుమతి మనకు ఎవరూ ఇవ్వరు. ముఖం మనది, ఫ్రేము వాళ్లది. ఇంట్లో గోడకు పెట్టుకోవడం వేరు, ప్రదర్శించి అమ్మడం వేరు. అమ్మే ఉద్దేశం ఉంటే ముందే ప్రసార హక్కుదారుకు రాసి జవాబు కాగితం మీద తీసుకోవాలి. పక్క సీట్లవాళ్ల ముఖాలు, ముఖ్యంగా పిల్లలవి, సగటు చిత్రంలో వాటంతటవే చెరిగిపోతాయి. ఒక్క ఫ్రేము ప్రింటు తీస్తే మనమే చెరపాలి.

300 ఫ్రేముల్నీ వరుసగా గోడ మీద పెట్టే ఉద్దేశముంటే, మనం నీళ్లకో బాత్‌రూమ్‌కో వెళ్లినప్పటి ఫ్రేముల్ని తీసేయకండి. మడత పడి ఉన్న ఆ ఖాళీ సీటు, దాని చుట్టూ అవే తలలు, ముందు అదే బ్యాటర్. వాటి చోట వాటినే ఉంచండి.